భిన్నమును భిన్నముచే భాగించుట

"భిన్నమును భిన్నముతో భాగింపవలెనన్న భాజకమును తలక్రిందులు చేసి గుణింపుము." ఈ సూత్రము ఉన్నత పాఠశాలలో చదువు ప్రతి విద్యార్థి నోటను ఉండునదే. అయితే తలక్రిందులు ఎందుకు చేయవలెను? చేయవలసినది మొదటి భిన్నమునా, రెండవ భిన్నమునా? ఇట్లడిగినచో తరగతి అంతయు నిశ్శబ్దమగును. అంకగణితములో ఈ నిశ్శబ్దమువలన అంత నష్టము లేదు. తప్పు వచ్చినను జవాబు చూడగనే కనిపెట్టవచ్చును. బీజగణితములో అట్లు కాదు. అచ్చట అంకెల స్థానమున అక్షరములు, అక్షరములపై ఘాతాంకములు వచ్చి చేరును. కారణము తెలియక సూత్రమును మాత్రము పట్టుకొన్నవాడు ఒకమారు సరిగను, ఒకమారు తప్పుగను చేయును. ఏది సరియో, ఏది తప్పో వానికే తెలియదు. కావున మొదట కారణమును చూతము.

మన పాతకొలతలలో రెండు సోలలు ఒక తవ్వ. రెండు తవ్వలు ఒక మానిక. మూడు మానికల బియ్యమును తవ్వతో కొలిచిన ఎన్ని తవ్వలగును? ఆరు. తవ్వ యనగా అరమానిక గనుక దీనినే గణితభాషలో 3 ÷ 1/2 = 6 అని వ్రాయుదుము. భాగించితిమి గాని జవాబు పెరిగినది! పిల్లలకు ఇది వింతగ తోచును. భాగహారమనగా పదిమందికి పంచిపెట్టుట యని చిన్నతరగతులలో నేర్చినందువలన కలిగిన వింత యిది. "దీనిలో అది ఎన్ని మారులు ఇమిడియున్నది?" అని అడుగుట భాగహారమునకు రెండవ యర్థము. భిన్నములకు చక్కగ పనికివచ్చునది ఈ రెండవ యర్థమే.

ఇప్పుడు ముప్పాతిక మానిక బియ్యమును తవ్వతో కొలుతము. ముప్పాతిక మానిక యనగా మూడు సోలలు. తవ్వ యనగా రెండు సోలలు. మూడు సోలలలో రెండు సోలలు ఒకటిన్నర మారు ఇమిడియున్నవి. అనగా 3/4 ÷ 1/2 = 3/2. ఇందు మనము చేసిన పని యేమి? రెండు రాశులను ఒకే కొలతలోనికి తెచ్చితిమి. తెచ్చినంతనే కొలత పేరు తొలగిపోయి అంకెలు మాత్రము మిగిలినవి. భిన్నములలో ఈ కొలత పేరే హారము.

అక్షరములతో చెప్పుదము. క/చ ను ట/త చే భాగింపవలెను. రెండింటికిని చ×త అను సమానహారము కల్పించిన, మొదటిది (క×త)/(చ×త) అగును. రెండవది (చ×ట)/(చ×త) అగును. హారములు ఒకటియే గనుక ఇక భాగింపవలసినవి లవములు మాత్రమే. జవాబు (క×త)/(చ×ట). దీనిని తిరిగి చూడుడు: ఇది క/చ ను త/ట చే గుణింపగా వచ్చునదే. తలక్రిందులైనది భాజకము, భాజ్యము చెక్కుచెదరలేదు. సందేహమున్నవారు ఈ జవాబును తిరిగి ట/త చే గుణించి చూడవచ్చును. ట, త లు పోయి మొదటి క/చ మిగులును.

ఈ విధి మనదేశమునకు క్రొత్తది కాదు. రాష్ట్రకూటరాజగు అమోఘవర్షుని కాలమున, అనగా 9వ శతాబ్దిలో, మహావీరాచార్యుడు సంస్కృతమున రచించిన గణితసారసంగ్రహములో భాజకము యొక్క హారమును లవముగ చేసి పిదప గుణకారమునందువలె చేయవలెనని స్పష్టముగ కలదు. ఈ గ్రంథము నాధారము చేసికొని పావులూరి మల్లన సారసంగ్రహగణితమును తెలుగు పద్యములలో రచించెను. భిన్నముల లెక్కలను తెలుగున చెప్పుట ఇంత ప్రాచీనమైన సంగతి యని ఉపాధ్యాయులు ఒకమారు తరగతిలో చెప్పిన బాగుండును.

ఇక ఘాతముల సంగతి. మన ప్రాచీనులు అవ్యక్తరాశిని యావత్తావత్ అనిరి; అవ్యక్తములు పెక్కులున్నచో కాలకము, నీలకము, పీతకము అని రంగుల పేర్లు పెట్టిరి. యా, కా, నీ అని మొదటి అక్షరములతో వానిని గుర్తించెడివారు. ఆ సంప్రదాయమును తలచుకొని ఇచ్చట మనము య, ర, ల అను అక్షరములను వాడుదము. తరగతిలో ఎక్స్, వై, జెడ్ అని వ్రాసినను లెక్క ఒకటియే.

ఘాతములకు వారు పెట్టిన పేర్లు మిక్కిలి గమనింపదగినవి. రెండవ ఘాతము వర్గము, మూడవది ఘనము, నాలుగవది వర్గవర్గము, ఆరవది ఘనవర్గము. మరి యైదవ ఘాతము? దాని పేరు వర్గఘనఘాతము. ఇచ్చట ఘాతమనగా గుణకారము. ఘనవర్గమనగా ఘనము యొక్క వర్గము, (య³)² = య⁶; ఇందు 3ను 2ను గుణింపవలెను. వర్గఘనఘాతమనగా వర్గమును ఘనమును గుణింపగా వచ్చినది, య² × య³ = య⁵; ఇందు 2ను 3ను కూడవలెను. ఎప్పుడు కూడవలెను, ఎప్పుడు గుణింపవలెను అని నేటి విద్యార్థి తికమకపడు చోటనే ఆ పేర్లు దారి చూపుచున్నవి. అక్షరము నెత్తిన చిన్న అంకె వేసి ఘాతమును వ్రాయు నేటి పద్ధతిని 1637లో ప్రకటించిన తన జ్యామితి గ్రంథమున వాడి వ్యాప్తికి తెచ్చినవాడు ఫ్రెంచి పండితుడు డెకార్టు. అది సులభము, నిజమే. కాని చిన్న అంకెను చూడగనే దానిని ఏమి చేయవలెనో అది చెప్పదు.

భాగహారములో ఘాతాంకములను తీసివేయుదుము. కారణము కంటికి కనబడునదే. య⁵ అనగా ఐదు య లను గుణించినది. దానిని య² చే భాగించిన లవమునుండి రెండు, హారమునుండి రెండు పోయి, లవమున మూడు మిగులును: య⁵/య² = య³. భాజ్యభాజకములను మార్చి య²/య⁵ అన్నచో మూడు య లు హారమున మిగులును: 1/య³. ఇచ్చటను తీసివేత నియమమునే పాటించిన 2 − 5 = −3 గనుక య⁻³ అని వచ్చును. కాబట్టి య⁻³ అన్నను 1/య³ అన్నను ఒకటియే. ఋణఘాతాంకము వచ్చినంత మాత్రమున రాశి ఋణము కాదు. 2⁻³ అనగా 1/8 గాని −8 కాదు. అట్లే య³/య³ = య⁰; ఒక రాశిని దానిచేతనే భాగించిన ఒకటి వచ్చును గనుక య⁰ = 1. దీనిని సున్న యని వ్రాయువారు ప్రతి తరగతిలోను కొందరుందురు. ఇంగ్లండులో 1656లో వాలిస్ ఋణ, భిన్నఘాతాంకములను గురించి వ్రాసెను; 1676లో న్యూటను తన లేఖలలో వానిని ధారాళముగ వాడెను. భాగహారమునకు ఒకే నియమము చాలవలెనను కోరికయే ఈ గుర్తులకు మూలము.

ఇప్పుడు ఒక లెక్క చేయుదము.

(12య⁵ర²)/(5ల³) ÷ (8య²ర⁵)/(15ల)

భాజకమును తలక్రిందులు చేయగా

(12య⁵ర²)/(5ల³) × (15ల)/(8య²ర⁵)

ఈ స్థితిలో తొందరపడి 12ను 15ను గుణించి 180 అనియు, 5ను 8ను గుణించి 40 అనియు వ్రాయుట వృథాప్రయాస. గుణించినదానిని మరల భాగింపవలసియే యుండును గదా! గుణింపకమునుపే 12కును 8కిని 4 కొట్టివేసిన 3, 2 మిగులును. 15కును 5కును 5 కొట్టివేసిన 3, 1 మిగులును. గుణకము 9/2. పిదప ఒక్కొక్క అక్షరమును విడివిడిగ చూడవలెను. య: లవమున 5, హారమున 2, లవమున య³ మిగిలినది. ర: లవమున 2, హారమున 5, హారమున ర³ మిగిలినది. ల: లవమున 1, హారమున 3, హారమున ల². కావున జవాబు

(9య³)/(2ర³ల²).

సరిచూచుకొనుటకు అక్షరములకు అంకెలు వేయుట మంచి అలవాటు. అయితే సోమరితనముచే అన్నింటికిని 1 వేయువారున్నారు. ఒకటికి ఎన్ని ఘాతములైనను ఒకటియే గనుక ఘాతాంకములలోని తప్పు ఒక్కటియు బయటపడదు. య = 2, ర = 3, ల = 5 అనుకొందము. భాజ్యము 12 × 32 × 9 ను 625 చే భాగించినది, అనగా 3456/625. భాజకము 8 × 4 × 243 ను 75 చే భాగించినది, అనగా 7776/75. భాగింపగా 4/75 వచ్చును. మన జవాబున 9 × 8 = 72; దానిని 2 × 27 × 25 = 1350 చే భాగింపగా 4/75. రెండును సరిపోయినవి. అంకెలు పెద్దవైనను ఈ పరీక్ష చేయువానికి ఉపాధ్యాయుని ఎర్రసిరాతో పనియుండదు.

ఋణఘాతాంకములును, ఘాతముపై ఘాతమును కలిసి వచ్చినప్పుడు కొంచెము జాగ్రత్త వలయును.

(3య²ర⁻¹)²/ల³ ÷ (6య⁻¹ర)/ల⁻²

మొదట కుండలీకరణము విప్పవలెను. బయటి 2 లోపలనున్న ప్రతి కారణాంకమునకును చెందును, 3కును చెందును. కావున 9య⁴ర⁻². ఈ 3ను మరచి 3య⁴ర⁻² అనుట సర్వసాధారణమైన పొరపాటు. ఇప్పుడు భాజకమును తలక్రిందులు చేయగా గుణకము 9/6 = 3/2. య ఘాతాంకము 4 − (−1) = 5. ర ఘాతాంకము −2 − 1 = −3. ల ఘాతాంకము −2 − 3 = −5. జవాబు (3య⁵)/(2ర³ల⁵). ఋణఘాతాంకమును తీసివేయునపుడు అది కూడికగ మారునని య విషయమున కనబడుచున్నది.

ఒక్క భాగహారమున్నచో భయములేదు. రెండు వరుసగ వచ్చినచో? క ÷ చ ÷ ట అనగా ఎడమనుండి కుడికి పోవలెను. మొదట క/చ, దానిని మరల ట చే భాగించిన క/(చ×ట). వెనుకనున్న చ ÷ ట ను ముందు చేసినవానికి (క×ట)/చ వచ్చును. ట హారమున ఉండవలసినది లవమునకు ఎక్కినది! ఒకే వరుసలో 1/2య అని వ్రాయుటయు ఇట్టి చిక్కే. య పైన ఉన్నదా, క్రింద ఉన్నదా? కుండలీకరణము వేసి చెప్పుట వ్రాయువాని ధర్మము.

ఇక కొట్టివేతల సంగతికి వత్తము. భిన్నములలో నేను చూచిన తప్పులలో సగమునకు పైగా ఇచ్చటివే. కొట్టివేయుట యనగా ఒక గీత గీయుట కాదు. లవమును హారమును ఒకే రాశిచే భాగించుట. ఆ రాశి లవమంతటికిని కారణాంకము కావలెను. హారమంతటికిని కారణాంకము కావలెను. (య + 6)/(య + 3) లో పైన య, క్రింద య కనబడగనే వానిని కొట్టి 6/3 = 2 అనువారు పెక్కుమంది. య = 3 వేసి చూడుడు: 9/6, అనగా ఒకటిన్నర. రెండు కాదు. ఇచ్చట య పదము గాని కారణాంకము కాదు. అట్లే (య² + ర²)/(య + ర) ను య + ర అనుట. 2, 3 వేసిన 13/5 వచ్చునుగాని 5 రాదు.

వినోదమునకు ఒక సంగతి. 16/64 లో రెండు 6లను కొట్టివేసిన 1/4 మిగులును, జవాబు సరియే! 19/95 లో 9లను కొట్టిన 1/5. 26/65 లో 6లను కొట్టిన 2/5. 49/98 లో 9లను కొట్టిన 4/8. అన్నియు సరియైన జవాబులే, అన్నియు తప్పుడు పద్ధతియే. 16 అనగా 1ని 6ను గుణించినది కాదు, 10 + 6. ఒకటికంటె తక్కువైన రెండంకెల భిన్నములలో, పైనున్న ఒకట్ల అంకెను క్రిందనున్న పదుల అంకెతో కొట్టివేసినను జవాబు చెడనివి ఈ నాలుగు మాత్రమే. నాలుగింటను నమ్మి తక్కినవానిపై ఈ పద్ధతి వాడరాదని వేరుగ చెప్పనక్కరలేదు.

కావున బహుపదులు వచ్చినపుడు ముందు చేయవలసిన పని కారణాంకములుగ విడదీయుట.

(య² − 9)/(య² + 5య + 6) ÷ (య² − 3య)/(య² − 4)

విడదీసి, భాజకమును తలక్రిందులు చేయగా

(య − 3)(య + 3)/[(య + 2)(య + 3)] × (య − 2)(య + 2)/[య(య − 3)]

ఇప్పుడు య + 3, య − 3, య + 2 అనునవి పైనను క్రిందను కారణాంకములు గనుక నిర్భయముగ కొట్టివేయవచ్చును. మిగిలినది (య − 2)/య. య = 1 వేసి చూచిన, ఇచ్చిన లెక్క −2/3 ÷ 2/3 = −1; జవాబు (1 − 2)/1 = −1.

లెక్క ఇంతటితో ముగిసినదని పెక్కుమంది అనుకొందురు. కాని య కు ఏ విలువలైనను వేయవచ్చునా? మొదటి హారము సున్న కాకూడదు: య = −2, −3 పనికిరావు. రెండవ హారము సున్న కాకూడదు: 2, −2 పనికిరావు. పైగా భాజకమే సున్న కాకూడదు; అనగా తలక్రిందులు చేసినపుడు క్రిందికి దిగు య² − 3య కూడ సున్న కాకూడదు: 0, 3 పనికిరావు. మొత్తము ఐదు విలువలు నిషిద్ధములు. చివరి జవాబును మాత్రము చూచువానికి వీనిలో ఒక్క 0 మాత్రమే కనబడును. తక్కిన నాలుగును దారిలో కొట్టివేతలతోను, తలక్రిందులతోను మరుగుపడినవి. అందుచే జవాబు ప్రక్కన "య ≠ 0, 2, −2, 3, −3" అని వ్రాయుట ఆడంబరము కాదు, జవాబులో భాగము.

సున్నచే భాగించుట గొప్ప పండితులను కూడ చిక్కుపెట్టినది. 628లో బ్రహ్మగుప్తుడు సున్నను సున్నచే భాగించిన సున్న యనెను. సున్నచే భాగించినను రాశి మారదని మహావీరాచార్యుడు చెప్పెను. ఈ రెండును నేడు మన మంగీకరింపని మాటలు. 1150 ప్రాంతమున భాస్కరాచార్యుడు సున్న హారముగగల రాశిని ఖహరమని పిలిచి, అది అనంతమనియు, దానికి ఎంత కలిపినను మారదనియు చెప్పెను. అంతకంటె ఆసక్తికరమైనది లీలావతిలోని ఒక లెక్క. ఒక రాశిని సున్నచే గుణించి, వచ్చినదానికి దానిలో సగము కలిపి, మూడుచే గుణించి, సున్నచే భాగించిన 63 వచ్చినది. ఆ రాశి ఏది? భాస్కరుడు సున్నను తొందరపడి గుణింపక, ఇంకను చేయవలసిన పనులున్నపుడు దానిని గుణకముగ నిలిపియుంచుమని విధించెను. చివర సున్నతో సున్నను కొట్టివేసిన, రాశికి ఒకటిన్నర రెట్లు, దానికి మూడు రెట్లు, అనగా నాలుగున్నర రెట్లు 63 అగును, రాశి 14. నేటి నియమముల ప్రకారము ఇది చెల్లదు. కాని దానివెనుక ఒక ఆలోచన ఉన్నది. మన లెక్కలో య = 3 వేసిన సున్నను సున్నచే భాగింపవలసివచ్చును; అర్థములేదు. య = 2.9 వేసిన జవాబు 0.310, 3.1 వేసిన 0.355, 3కు ఎంత దగ్గరకు పోయిన జవాబు 1/3కు అంత దగ్గరకు వచ్చును. పై తరగతులలో అవధి యను పేరుతో నేర్చు విషయమునకు ఇది తొలిమెట్టు.

ఈ తలక్రిందుల విధి పరీక్షకొరకే యని తలచువారికి ఒక్క ఉదాహరణము. ఒక గోళము ఉపరితలమున గురుత్వత్వరణము, దాని ద్రవ్యరాశిని గురుత్వస్థిరాంకముచే గుణించి వ్యాసార్ధము యొక్క వర్గముచే భాగించినంత. స్థిరాంకము గ, భూమి ద్రవ్యరాశి భ, వ్యాసార్ధము వ అనుకొందము. చంద్రుని ద్రవ్యరాశి మ, వ్యాసార్ధము న. చంద్రునిపై బరువు భూమిపై బరువులో ఎన్నవవంతు?

(గ×మ)/న² ÷ (గ×భ)/వ² = (గ×మ)/న² × వ²/(గ×భ) = (మ×వ²)/(భ×న²)

చూడుడు: గ పోయినది. కొలుచుటకు మిక్కిలి కష్టమైన ఆ స్థిరాంకము తెలియకయే లెక్క సాగును. భూమి ద్రవ్యరాశి చంద్రునిదానికి 81.3 రెట్లు. వ్యాసార్ధములు 6371, 1737 కిలోమీటర్లు, నిష్పత్తి 3.668, దాని వర్గము 13.45. దీనిని 81.3 చే భాగించిన 0.165, అనగా సుమారు ఆరవవంతు. 1969 జూలైలో ఆర్మ్‌స్ట్రాంగు, ఆల్డ్రిను చంద్రునిపై నడచినపుడు భూమిపై 80 కిలోలకు మించిన ఉడుపులను, వీపు సామగ్రిని మోయుచుండిరి. అక్కడ 80 కిలోల బరువు 13 కిలోలవలె తోచును. తలక్రిందులు చేయునపుడు ద్రవ్యరాశులను మాత్రము మార్చి వ్యాసార్ధములను మరచినవానికి 13.45 గుణకము కాక భాజకమగును. జవాబు 1093లో ఒక వంతు. వాని లెక్కప్రకారము ఆ 80 కిలోలు 73 గ్రాములగును!

అదే పద్ధతిని సాంద్రతకు వాడుదము. గోళము ఘనపరిమాణము వ్యాసార్ధము యొక్క ఘనముతోపాటు మారును. 4π/3 అను గుణకము రెండింటను ఉన్నందున కొట్టుకొనిపోవును. చంద్రుని సాంద్రతను భూసాంద్రతచే భాగించిన (మ×వ³)/(భ×న³) వచ్చును. 3.668 యొక్క ఘనము 49.35, దానిని 81.3 చే భాగించిన 0.607. భూమి సగటు సాంద్రత ఘన సెంటీమీటరునకు 5.51 గ్రాములు, దానిని 0.607 చే గుణించిన 3.34 గ్రాములు. ఇది భూమి మధ్యనున్న ఇనుపగర్భమునకు పైనున్న రాతిపొరల సాంద్రతకు దగ్గరగ ఉన్నది. చంద్రునిలో ఇనుపగర్భము మిక్కిలి చిన్నదని శాస్త్రజ్ఞులు చెప్పుటకు గల ఆధారములలో ఈ సంఖ్య యొకటి.